ఇండియానా జోన్స్ వీపు ఎవరిది? విక్ ఆర్మ్‌స్ట్రాంగ్ మీద చర్చ

పల్నాటి కుర్రోడు:
ఈ ఫోరంలో హాలీవుడ్ యాక్షన్ మీద బోలెడు థ్రెడ్లున్నాయి కానీ విక్ ఆర్మ్‌స్ట్రాంగ్ పేరుతో ఒక్కటీ లేదు, అందుకే మొదలుపెడుతున్నా. ఇండియానా జోన్స్ మూడో భాగంలో (1989) హీరో గుర్రాన్ని గట్టు మీద ట్యాంకుకి సమానంగా పరుగెత్తించి, ఆ ఊపులోనే జీను మీంచి లేచి ట్యాంకు మీదకి దూకుతాడు చూడండి, స్పెయిన్‌లో అల్మెరియా వైపు తీసిన సీను, ఆ దూకింది విక్. మొదటి మూడు భాగాల్లోనూ హారిసన్ ఫోర్డ్‌కి డూప్‌గా చేశాడు. అంతకుముందు సూపర్‌మ్యాన్ (1978)లో క్రిస్టఫర్ రీవ్‌కి కూడా చేశాడు. ఇంగ్లండ్ మనిషి, 1946లో బకింగ్‌హమ్‌షైర్‌లో పుట్టాడు. అందరికంటే ఎక్కువ సినిమాలకు పనిచేసిన స్టంట్‌మ్యాన్ అని గిన్నిస్ వాళ్ళు కూడా రాశారు.

డూప్‌గా మొదలైనవాడు స్టంట్ కోఆర్డినేటర్ అయ్యి, తర్వాత సెకండ్ యూనిట్ డైరెక్టర్ (అసలు డైరెక్టర్ కాకుండా వేరే యూనిట్‌తో యాక్షన్ సీన్లు తీసేవాడు) అయ్యి, బాండ్ సినిమాల్లో మనం ఈలలు వేసిన ఛేజ్‌లు తీశాడు. మన దగ్గర ఫైట్ మాస్టర్ పేరైనా టైటిల్స్‌లో పెద్దగా పడుతుంది, డూప్ చేసినవాళ్ళ పేరు ఎక్కడా వినపడదు. ఆయన కెరీర్ తెలిసినవాళ్ళు వివరంగా రాయండి, చదవాలని ఉంది.

రీలు పెట్టె:
మంచి థ్రెడ్ అబ్బాయ్. మొదటి నుంచి చెప్తాను.

విక్ వాళ్ళ నాన్న పందెపు గుర్రాలకు శిక్షణ ఇచ్చేవాడు. పిల్లవాడు గుర్రాల మధ్యే పెరిగాడు, టీనేజిలోనే అమెచ్యూర్ జాకీగా పందేలు తోలాడు. గుర్రపు పందేల్లో పేరు తెచ్చుకోవాలన్నదే కోరిక, కానీ మనిషి పొడగరి, బలంగా ఎదిగాడు, జాకీకి ఉండాల్సిన బరువు దాటిపోయాడు. ఆ రోజుల్లో వాళ్ళ గుర్రాల దగ్గరికి స్వారీకి వచ్చే ఒక స్టంట్‌మ్యాన్ ద్వారా సినిమా పని దొరికింది. గ్రెగరీ పెక్, సోఫియా లోరెన్ నటించిన అరబెస్క్ (1966) మొదటి సినిమా, గుర్రం మీద పనే. ఒక రోజు సినిమా పనికి వచ్చే డబ్బు చూస్తే గుర్రపుశాలలో ఎంత కష్టపడితే వస్తుంది అది? అక్కడితో దారి మారింది.

మరుసటి ఏడాదే బాండ్ సినిమా యు ఓన్లీ లివ్ ట్వైస్ (1967). పైన్‌వుడ్ స్టూడియోలో కెన్ ఆడమ్ వేసిన అగ్నిపర్వతం సెట్ గుర్తుందా, లోపల రాకెట్టు, పైన తెరుచుకునే కప్పు, ఆ ఒక్క సెట్‌కే దాదాపు పది లక్షల డాలర్లు పెట్టారు. క్లైమాక్స్‌లో కప్పు మీంచి తాళ్ళు పట్టుకుని నింజాలు గుంపుగా జారుతూ దిగుతారు కదా, అందులో ఒకడు విక్. అప్పటికి ఇరవై ఏళ్ళ కుర్రాడు. ఆ ఎత్తు నుంచి తాడు మీద జారుతూ చివర్లో వేగం తగ్గించుకోలేకపోతే కాళ్ళు పోతాయి, పైగా చుట్టూ పేలుళ్ళు, దిగగానే తుపాకి తీసి పరుగెత్తాలి. గుర్రాల కుర్రాడనే పేరు అక్కడితో పోయిందని నా ఉద్దేశం, ఏ పనైనా చేయగలడని వాళ్ళకి తెలిసింది.

తర్వాత ఆన్ హర్ మెజెస్టీస్ సీక్రెట్ సర్వీస్ (1969), డేవిడ్ లీన్ రయాన్స్ డాటర్ (1970), అలా ఆగకుండా సాగింది.

గోళీసోడా:
అందరూ తప్పుగా అనుకోకండి, ఒక మాట అడుగుతా. టామ్ క్రూజ్ నార్వేలో కొండ అంచు మీంచి బైక్‌తో సహా దూకి ప్యారాచూట్‌తో దిగాడు, సొంతంగా. హీరోలే అంత చేస్తుంటే డూప్‌ల గురించి ఇంత గొప్పగా చెప్పుకోవడం ఎందుకు? ప్రేక్షకుడు టికెట్ కొనేది హీరోని చూడటానికే. అయినా ఫోర్డ్ కూడా చాలా స్టంట్లు తనే చేశాడంటారు. మొదటి భాగంలో లారీ కింద ఈడ్చుకుంటూ వెళ్ళే సీను ఉంది, అదీ విక్ చేశాడనే అంటారా?

చీకటి గది:
గోళీసోడా గారూ, లారీ కింద సీను విక్ చేసింది కాదు, ఫోర్డ్ ఒక్కడే చేసిందీ కాదు. ప్రమాదకరమైన భాగం టెర్రీ లియోనార్డ్ అనే అమెరికన్ స్టంట్‌మ్యాన్‌ది. దాని వెనక కథ ఉంది. 1939 నాటి స్టేజ్‌కోచ్ సినిమాలో యాకిమా కనట్ పరుగెత్తే గుర్రాల మధ్య నేల మీద పడి, బండి తన మీదుగా వెళ్ళేదాకా కదలకుండా ఉంటాడు. అప్పటి నుంచి స్టంట్ వాళ్ళందరికీ అదొక గురుస్థానం లాంటిది. టెర్రీ లియోనార్డ్ దాన్నే వేరే సినిమాలో గుర్రపు బండితో ప్రయత్నించి గాయపడ్డాడు. ఇండియానా జోన్స్‌కి లారీతో మళ్ళీ చేశాడు. ఈసారి రోడ్డు మధ్యలో కాలువలా తవ్వించారు, లారీ కింద మనిషికి జాగా ఉండేలా. స్టీరింగ్ దగ్గర కూర్చున్నది కూడా నమ్మకమైన స్టంట్ మనిషే. ఫోర్డ్ దగ్గరి షాట్లలో ఈడ్చించుకున్నాడు, అదీ నిజమే, దెబ్బలు తిన్నాడు కూడా.

నేను ఎడిటింగ్‌లో ఉన్నాను కాబట్టి చెప్తున్నా. ఒక సీను చూసి "ఇది హీరో చేశాడు, ఇది డూప్ చేశాడు" అని రెండు ముక్కలు చేయడం కుదరదు. దూరం షాట్‌లో డూప్ పడతాడు, తర్వాతి షాట్‌లో హీరో లేచి దుమ్ము దులుపుకుంటాడు, మధ్యలో కత్తిరింపు కనపడకపోవడానికి డూప్ హీరోలాగే నడవాలి, భుజం అలాగే వాల్చాలి, టోపీ అదే కోణంలో పెట్టుకోవాలి. విక్ ఆ పనిలో దిట్ట. ట్యునీషియా షూటింగ్‌లో ఆయన్ని మొదటిసారి చూసినప్పుడు స్పీల్‌బర్గ్ ఫోర్డ్ అనుకుని మాట్లాడబోయాడట. పోలిక అంతగా ఉండేది.

రెండో భాగం టెంపుల్ ఆఫ్ డూమ్ (1984) సంగతి అయితే ఇంకా పెద్దది. షూటింగ్ మధ్యలో ఫోర్డ్‌కి వెన్నుపూస డిస్క్ పక్కకి జరిగింది, చికిత్సకి లాస్ ఏంజెలెస్ పంపించారు. ఎల్‌స్ట్రీ స్టూడియోలో సెట్లు వేసి ఉన్నాయి, ఆపితే రోజుకి ఎంత నష్టమో. స్పీల్‌బర్గ్ ఆపలేదు. వారాల తరబడి విక్‌ని పెట్టుకుని వెనక నుంచి, పక్క నుంచి తీసుకుంటూ పోయాడు. గనిలో కన్వేయర్ బెల్ట్ మీద భారీకాయుడితో ఫైట్ ఉంది చూడండి, అందులో చాలా భాగం విక్‌దే, ఫోర్డ్ తిరిగొచ్చాక దగ్గరి షాట్లు తీసి అతికించారు. టైటిల్ అడిగినట్టు ఆ వీపు విక్‌ది.

పల్నాటి కుర్రోడు:
ఆ భారీకాయుడు పాట్ రోచ్. అతనూ బ్రిటిష్ వాడే, అసలు మల్లయోధుడు. మొదటి భాగంలో విమానం దగ్గర బట్టతల జర్మన్ మెకానిక్ కూడా అతనే. నేపాల్ సీనులో ఇంకో పాత్ర కూడా వేశాడు, అంటే ఒకే సినిమాలో రెండుసార్లు చచ్చిపోయాడు.

మన వాళ్ళకి ఇంకో గుర్తు, రెండో భాగంలో మోలా రామ్‌గా వేసింది అమ్రిష్ పురి. జగదేకవీరుడు అతిలోకసుందరిలో మహాద్రష్ట ఆయనే. కథ ఇండియాలో జరుగుతుంది కానీ మన ప్రభుత్వం స్క్రిప్టు మీద అభ్యంతరాలు చెప్పడంతో శ్రీలంకలో క్యాండీ దగ్గర తీశారు. ఆ తాళ్ళ వంతెన కూడా అక్కడిదే. ఇండియాని చూపించిన తీరు మీద నాకూ కోపమే, కోతి మెదడు భోజనం ఏంటసలు. ఆ చర్చ వేరే థ్రెడ్‌లో పెట్టుకుందాం.

ఫైటర్ నాగు:
అందరికీ నమస్కారం. నేను కృష్ణానగర్‌లో ఉంటాను, ఫైటర్‌గా చాలా ఏళ్ళు చేసి ఇప్పుడు అసిస్టెంట్‌గా చేస్తున్నా. గుర్రం మీంచి దూకడం గురించి చెప్తాను, ఎందుకంటే చూసేవాళ్ళకి అది "ధైర్యం ఉంటే చాలు" అనిపిస్తుంది.

నేల మీద నిలబడి దూకితే నేల కదలదు. గుర్రం మీంచి దూకితే నువ్వు తొక్కిన తొక్కుడికి గుర్రం పక్కకి పోతుంది, నీకు రావలసిన ఊపు కొంత దానికే పోతుంది. పైగా దాని వీపు ప్రతి అంగకీ పైకి లేచి కిందకి దిగుతుంది. లేచేటప్పుడు తన్నాలి, దిగేటప్పుడు తన్నితే అక్కడే చతికిలబడతావు. పక్కన ట్యాంకు దాని స్పీడులో అది పోతోంది. గుర్రానికి ఆ రొద, ఆ గొలుసు చక్రాల చప్పుడు అంటే భయం, ఏ క్షణమైనా పక్కకి తిరగొచ్చు. ఇన్ని లెక్కలు సరిపోవాలి. అందుకే ఆ షాట్ చూసినప్పుడల్లా నాకు ఒళ్ళు జలదరిస్తుంది. గుర్రాల మధ్య పెరిగిన మనిషి కాబట్టి అది చేశాడు. జిమ్‌లో పెరిగినవాడికి రాదు అది.

గోళీసోడా అన్నా, హీరో చేశాడంటే చేసినట్టే, కాదనను. కానీ హీరో చేసే ముందు అదే షాట్‌ని వేరేవాళ్ళు ఎన్నిసార్లు చేసి చూస్తారో అడుగు. తాడు ఎంత పొడవు ఉండాలి, ఎక్కడ లాగాలి, ఎక్కడ వదలాలి, అన్నీ మా ఒంటి మీద చూసుకున్నాకే హీరో దగ్గరికి వెళ్తుంది. పేపర్లో మాత్రం "డూప్ లేకుండా" అని పడుతుంది.

రీలు పెట్టె:
నాగు గారూ, మీరు ఇక్కడ రాయడం ఈ థ్రెడ్‌కి గౌరవం.

గుర్రాల సంగతి వచ్చింది కాబట్టి ఒకటి కలుపుతాను. పాత హాలీవుడ్‌లో గుర్రం పడే షాట్ కావాలంటే ముందు కాళ్ళకి సన్నని తీగ కట్టి, పరుగెత్తే గుర్రాన్ని ఒక్కసారిగా లాగి పడేసేవాళ్ళు. కాళ్ళు విరిగి చచ్చిపోయిన గుర్రాలు ఎన్నో. బ్రిటన్‌లో 1937లోనే చట్టం వచ్చింది, జంతువులను హింసించి తీసిన సినిమా ప్రదర్శించడమే నేరం. అందుకని అక్కడి స్టంట్ వాళ్ళు గుర్రానికి పడటం నేర్పే పద్ధతి మీద పెరిగారు. మెత్తటి మట్టి తవ్వి పరిచిన చోట, రౌతు కళ్ళెం ఒక పక్కకి తిప్పితే గుర్రం దానంతట అదే ఒరుగుతుంది. నేర్పడానికి నెలలు పడుతుంది. ఆ సంప్రదాయంలోంచి వచ్చినవాడే విక్.

మాధవి లీడ్స్:
యూకే నుంచి రాస్తున్నాను. ఇక్కడ స్టంట్ పని చేయాలంటే ఎవరు పడితే వాళ్ళు చేయడానికి లేదు అన్నది మనవాళ్ళకి తెలియాలి. 1970ల నుంచి స్టంట్ రిజిస్టర్ అని ఒకటి ఉంది. అందులో పేరు ఎక్కాలంటే కనీసం ఆరు విద్యల్లో నిర్ణీత స్థాయి చూపించాలి. అవి కూడా ఒకే రకంవి కుదరవు, కొట్లాట, ఎత్తు నుంచి పడటం, స్వారీ లేదా డ్రైవింగ్, జిమ్నాస్టిక్స్ లాంటి చురుకుదనం, నీళ్ళు, ఇలా వేరువేరు గుంపుల్లోంచి ఉండాలి. మా అబ్బాయి ఫ్రెండ్ ఒకడు దానికోసం ఏళ్ళుగా కష్టపడుతున్నాడు, ట్రాంపొలిన్ అయింది, ఈత అయింది, ఇప్పుడు గుర్రపు స్వారీ ఫీజులు కట్టలేక టెన్షన్ పడుతున్నాడు. రిజిస్టర్‌లో చేరాక కూడా నేరుగా కోఆర్డినేటర్ అవ్వలేరు, కొన్నేళ్ళు కింది స్థాయిలో చేయాలి.

విక్ మొదలుపెట్టిన రోజుల్లో ఇవేవీ లేవు. గుర్రం నడపడం వస్తే రమ్మనేవాళ్ళు. ఆయన తరం దెబ్బలు తిని నేర్చుకున్నదే తర్వాతి తరానికి రూల్స్ అయ్యాయి.

చంటి 99:
ఎత్తు నుంచి పడేటప్పుడు కింద ఏం వేస్తారు? సినిమాల్లో వల కూడా కనపడదు. విక్‌కి ఆస్కార్ వచ్చిందని ఎక్కడో చదివాను, స్టంట్‌కి ఆస్కార్ లేదు కదా?

ఫైటర్ నాగు:
చంటీ, పాత పద్ధతి అట్టపెట్టెలు. ఖాళీ పెట్టెలు వరసలుగా పేర్చి, చుట్టూ తాడు కట్టి, పైన పరుపులు. మనిషి పడగానే పెట్టెలు ఒక్కొక్క వరసా నలుగుతూ ఊపుని తినేస్తాయి. మన దగ్గర ఇప్పటికీ వాడతాం. తర్వాత గాలి బ్యాగులు వచ్చాయి. రెంటికీ కష్టం ఏంటంటే, నువ్వు పడే చోటు కెమెరాకి కనపడకూడదు, గాల్లో కొంచెం పక్కకి పోయినా బ్యాగు దాటి నేల మీద పడతావు. ఆ కష్టం తీర్చే సాధనం ఒకటి వచ్చింది, విక్ అవార్డు దానికే. మిగతాది రీలు పెట్టె గారు చెప్తారు, నాకు దాని పేరు నోరు తిరగదు.

రీలు పెట్టె:
దాని పేరు ఫ్యాన్ డిసెండర్. దానికే విక్‌కి 2001లో అకాడమీ వాళ్ళ సాంకేతిక అవార్డు ఇచ్చారు. స్టంట్‌కి ఇచ్చే ఆస్కార్ కాదది, సైన్స్ అండ్ టెక్నికల్ విభాగం.

పని చేసే తీరు నాకు అర్థమైనంతలో ఇది. సన్నని ఉక్కు తీగ ఒక డ్రమ్ము మీద చుట్టి ఉంటుంది, తీగ చివర మనిషి. మనిషి పడుతుంటే డ్రమ్ము తిరుగుతుంది. డ్రమ్ముకి రెక్కలు బిగించి ఉంటాయి, అవి గాలిని కొడుతూ తిరుగుతాయి. వేగం పెరిగేకొద్దీ రెక్కల మీద గాలి ఒత్తిడి ఇంకా ఎక్కువ పెరుగుతుంది, కాబట్టి ఒక స్థాయి దాటి మనిషి వేగం పెరగదు. బ్రేకు వేసే మనిషి అక్కర్లేదు, ఎవరైనా మర్చిపోతారేమో అన్న భయం లేదు. అంత ఎత్తు నుంచి పడినా కింద ఎక్కడ ఆగాలో ముందే తెలుసు. కింద బ్యాగు అక్కర్లేదు కాబట్టి కెమెరా పై నుంచి నేరుగా కిందకి చూడొచ్చు, ముఖం కనపడేలా కూడా తీయొచ్చు. ఒక డూప్ తన ప్రాణం కోసం ఆలోచించిన సాధనం, ఆఖరికి కెమెరా భాషే మార్చింది. విక్ కెరీర్‌లో నాకు అన్నిటికంటే గొప్పగా కనపడేది ఇదే, ట్యాంకు మీద దూకుడు కంటే కూడా.

మరుసటి ఏడాది బాఫ్టా (బ్రిటిష్ ఫిల్మ్ అకాడమీ) కూడా మైకేల్ బాల్కన్ అవార్డు ఇచ్చింది, బ్రిటిష్ సినిమాకి చేసిన సేవకి.

మాధవి లీడ్స్:
ఆయన కుటుంబం గురించి ఎవరూ రాయలేదేం? భార్య వెండీ లీచ్ కూడా స్టంట్ ఆర్టిస్టే. సూపర్‌మ్యాన్‌లో లోయిస్ లేన్‌గా వేసిన మార్గట్ కిడ్డర్‌కి ఆమె డూప్, సూపర్‌మ్యాన్‌కి విక్ డూప్. తీగలకి వేలాడుతూ పరిచయమై పెళ్ళి చేసుకున్నారు. ఆమె తండ్రి జార్జ్ లీచ్ మొదటి తరం బాండ్ స్టంట్‌మ్యాన్. విక్ తమ్ముడు ఆండీ కూడా ఇదే వృత్తి, ది అమేజింగ్ స్పైడర్‌మ్యాన్ (2012)కి అన్నదమ్ములిద్దరూ పనిచేశారు. ఆడవాళ్ళు చేసే స్టంట్ ఇంకా కష్టం, ఒకటి గమనించండి, మగవాళ్ళకి కోటు కింద ప్యాడ్లు పట్టేస్తాయి, గౌను వేసుకున్న హీరోయిన్‌కి డూప్ చేసే ఆవిడ ప్యాడ్ ఎక్కడ పెట్టుకుంటుంది? మోచెయ్యి, మోకాలు నేరుగా నేలకి తగలాల్సిందే. దీని గురించి ఎవరూ మాట్లాడరు.

గోళీసోడా:
మాధవి గారు చెప్పింది నేను ఎప్పుడూ ఆలోచించని సంగతి. ఒప్పుకుంటా, పెద్ద పనే. కానీ నా మొదటి ప్రశ్న అలాగే ఉంది. ఇంత రిస్క్ తీసుకోవడం అవసరమా? గ్రాఫిక్స్ ఉన్నాయిగా ఇప్పుడు. ఒక షాట్ కోసం మనిషి ప్రాణం పెట్టడం ఎందుకు?

చీకటి గది:
ఈ ప్రశ్న సరైన ప్రశ్న, దీనికి జవాబు తేలిక కాదు.

విక్ అదృష్టవంతుడు, జాగ్రత్తపరుడు కూడా. అందరికీ అలా జరగలేదు. మార్టిన్ గ్రేస్ అని ఐరిష్ స్టంట్‌మ్యాన్, బాండ్‌గా వేసిన రోజర్ మూర్‌కి డూప్. ఆక్టోపస్సీ (1983)లో రైలు పక్కన వేలాడే షాట్ ఇంగ్లండ్‌లో నీన్ వ్యాలీ రైల్వే మీద తీస్తుంటే పట్టాల పక్కనున్న కట్టడానికి గుద్దుకున్నాడు, కాలు, తుంటి భాగం తీవ్రంగా దెబ్బతిని చాలాకాలం ఆస్పత్రిలో ఉన్నాడు. రాకీ టేలర్ 1985లో డెత్ విష్ 3 కోసం మంటల్లోంచి మేడ మీంచి దూకినప్పుడు మంట అనుకున్నదానికంటే పెద్దగా లేచింది, వెన్నెముక, కటి ఎముక విరిగాయి. కోలుకుని మళ్ళీ పనిలోకి వచ్చి, ముసలితనంలో కూడా స్టంట్లు చేశాడు, 2011లో ఒక సేవా ప్రచారం కోసం అలాంటి దూకుడే మళ్ళీ దూకాడు.

డేవిడ్ హోమ్స్ గురించి రాయాలంటే చెయ్యి ఆడదు. హ్యారీ పోటర్ మొదటి సినిమా నుంచి డేనియల్ రాడ్‌క్లిఫ్‌కి డూప్. 2009 జనవరిలో లీవ్స్‌డెన్ స్టూడియోలో రిహార్సల్‌లో, పేలుడుకి వెనక్కి ఎగిరిపడినట్టు తాడుతో లాగే స్టంట్, గోడకి కొట్టుకుని మెడ దగ్గర వెన్ను దెబ్బతింది. అప్పటి నుంచి వీల్‌చెయిర్. 2023లో ఆయన మీద డాక్యుమెంటరీ వచ్చింది, రాడ్‌క్లిఫ్ దాని నిర్మాతల్లో ఒకడు.

ఫైటర్ నాగు:
అది మేం "జర్క్" అంటాం. మన ప్రతి మాస్ ఫైట్‌లోనూ ఉంటుంది. హీరో ఒక్క గుద్దు గుద్దితే ముగ్గురు వెనక్కి ఎగిరిపోతారే, అదే. జనం దాన్ని నవ్వుతూ చూస్తారు. లాగేవాళ్ళు ఒక్క క్షణం ముందు లాగినా మెడ పోతుంది. నాకు ఒక సినిమాలో భుజం ఎముక విరిగింది, ఏ సినిమా, ఎవరు అన్నది వద్దు, ఆస్పత్రి బిల్లు కోసం మా ఇంటావిడ తిరిగిన తిరుగుడు నాకు ఇప్పటికీ బాధే. 2025 జూలైలో నాగపట్నం దగ్గర ఒక తమిళ సినిమా షూటింగ్‌లో కారు స్టంట్ చేస్తూ ఎస్.ఎం. రాజు గారు చనిపోయారు. ఎంత అనుభవం ఉన్న మనిషి. నాలుగు రోజులు వార్తల్లో నడిచింది, అంతే. హిందీలో అక్షయ్ కుమార్ స్టంట్ వాళ్ళకి ఇన్సూరెన్స్ ఏర్పాటు చేశాడు, ఆయనకి మా దండం. ప్రతి భాషలోనూ అది హీరో దయ మీద కాకుండా అగ్రిమెంటులో ఉండాలి.

గ్రాఫిక్స్ సంగతి అడిగావు కదా అన్నా. గ్రాఫిక్స్ వచ్చాక తీగలు చెరిపేయడం వచ్చింది, అంటే మాకు లావు తీగ, రెండో తీగ కట్టొచ్చు. నాకు తెలిసి దాని అసలు ఉపయోగం అదే. మనిషిని తీసేయడానికి కాదు, మనిషిని కాపాడటానికి వాడాలి.

పల్నాటి కుర్రోడు:
నాగన్నా, జాగ్రత్త. మీ మాటలు చాలామంది చదవాలి, ఈ థ్రెడ్ పైన పిన్ చేయమని మోడరేటర్లని అడుగుతున్నా.

బ్రిటిష్ స్టంట్ వాళ్ళకీ మన తెలుగు సినిమాకీ నేరుగా లింకు ఉంది, అది కూడా చెప్పుకుందాం. నోషర్ పావెల్ అని ఒకాయన, లండన్ కేంబర్‌వెల్‌లో 1928లో పుట్టాడు, హెవీవెయిట్ బాక్సర్, జో లూయిస్‌తో, మహమ్మద్ అలీతో ప్రాక్టీసు బౌట్లు ఆడినవాడు. తర్వాత స్టంట్‌మ్యాన్, చిన్నచిన్న పాత్రల నటుడు, 1987లో ఈట్ ద రిచ్ అనే సినిమాలో హోంమంత్రిగా పెద్ద పాత్ర వేశాడు. తమ్ముడు డిన్నీ కూడా స్టంట్‌మ్యానే. నోషర్ కొడుకులు ఇద్దరు, గ్యారీ పావెల్ క్యాసినో రాయల్ (2006) స్టంట్ కోఆర్డినేటర్, ఆ సినిమాలోనే ఆస్టన్ మార్టిన్ కారు ఏడు పల్టీలు కొట్టి రికార్డుకెక్కింది. ఇంకో కొడుకు గ్రెగ్ పావెల్, హ్యారీ పోటర్ సినిమాల స్టంట్ కోఆర్డినేటర్. ఈ గ్రెగ్ పావెలే మన సైరా నరసింహారెడ్డి (2019) యుద్ధాలకి పనిచేశాడు, లీ విట్టేకర్, రామ్-లక్ష్మణ్ మాస్టర్లతో పాటు. ఆర్ఆర్ఆర్‌కి పనిచేసిన నిక్ పావెల్ కూడా బ్రిటిష్ వాడే, బ్రేవ్‌హార్ట్, గ్లాడియేటర్ చేసిన మనిషి.

చంటి 99:
సైరాకి హ్యారీ పోటర్ ఆయన పనిచేశాడా! అయితే రామ్-లక్ష్మణ్ మాస్టర్లు చేసింది ఏంటి, వాళ్ళు చేసింది ఏంటి?

ఫైటర్ నాగు:
ఒక్కో ఎపిసోడ్ ఒక్కో టీమ్‌కి ఇస్తారు తమ్ముడూ. బయటి మాస్టర్లు వస్తే వాళ్ళ పద్ధతి వేరు. ముందు ఫైట్ మొత్తం చిన్న కెమెరాతో తీసి, ఎడిట్ చేసి డైరెక్టర్‌కి చూపిస్తారు, ఓకే అయ్యాకే లొకేషన్‌కి వెళ్తారు. మన మాస్టర్లు స్పాట్‌లో హీరో ఒంటి తీరు చూసి అప్పటికప్పుడు మార్చేస్తారు, ఆ వేగం వాళ్ళకి రాదు. రెండూ కావాలి. నేర్చుకోవాల్సింది మాత్రం సేఫ్టీ, ఒక తాడు కట్టాక ఇద్దరు విడివిడిగా చూస్తారు, అప్పుడే మనిషిని ఎక్కనిస్తారు.

రీలు పెట్టె:
మళ్ళీ విక్ దగ్గరికి వస్తే, 1990ల నుంచి ఆయన పని ఎక్కువగా సెకండ్ యూనిట్ డైరెక్షన్. టుమారో నెవర్ డైస్ (1997)లో బైకు హెలికాప్టర్ మీదుగా ఎగిరే సీను (ఎగిరింది జాన్ పియర్ గోయ్ అనే ఫ్రెంచ్ రైడర్), ది వరల్డ్ ఈజ్ నాట్ ఎనఫ్ (1999) మొదట్లో థేమ్స్ నది మీద పడవల ఛేజ్, డై అనదర్ డే (2002)లో ఐస్‌లాండ్ మంచు మీద కార్లు, ఇవన్నీ ఆయన యూనిట్ నుంచి వచ్చినవే. మన ప్రేక్షకుడు బాండ్ సినిమా డైరెక్టర్ పేరు చెప్పుకుంటాడు, టికెట్ డబ్బు వసూలు చేసిన పది నిమిషాలు తీసింది ఈయన.

పూర్తి డైరెక్టర్‌గా మాత్రం నిలబడలేదు. 1993లో డాల్ఫ్ లండ్‌గ్రెన్‌తో జాషువా ట్రీ తీశాడు, యాక్షన్ బాగుంటుంది. 2014లో నికొలస్ కేజ్‌తో లెఫ్ట్ బిహైండ్, అది బాలేదు, విమర్శకులు తీవ్రంగా తిట్టారు. నేను చూశాను, నాకూ నచ్చలేదు. మనుషులు కూర్చుని మాట్లాడుకునే సీన్లలో ప్రాణం లేదు. దానివల్ల ఆయన స్థాయి తగ్గిందని అనుకోను.

చీకటి గది:
నా దృష్టిలో బ్రిటిష్ స్టంట్ చరిత్రలో విక్ పక్కన నిలబడేవాడు బాబ్ ఆండర్సన్. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో కత్తి పట్టిన ఫెన్సర్. స్టార్ వార్స్ వరసలోని ఎంపైర్ స్ట్రైక్స్ బ్యాక్ (1980), రిటర్న్ ఆఫ్ ద జెడై (1983) సినిమాల్లో విలన్ డార్త్ వేడర్ ముసుగు వెనక కత్తి తిప్పింది ఆయన. పాత్ర పేరు డేవిడ్ ప్రౌజ్‌ది, గొంతు జేమ్స్ ఎర్ల్ జోన్స్‌ది, కత్తి ఆండర్సన్‌ది. చాలాకాలం ఎవరికీ చెప్పలేదు. 1983లో మార్క్ హామిల్, అంటే ఎదురుగా కత్తి పట్టిన నటుడే, ఆ గుర్తింపు ఆయనకి దక్కాలని ఇంటర్వ్యూలో బయటపెట్టాడు. నటులు అలా నోరు విప్పితేనే పేరు బయటికొస్తుంది. ఫోర్డ్ కూడా అంతే, "నువ్వు మాట్లాడటం కూడా నేర్చుకుంటే నా పని అయిపోయినట్టే" అనే అర్థంలో విక్‌కి ఫొటో మీద రాసిచ్చాడట.

గోళీసోడా:
ఆస్కార్ స్టంట్‌కి ఇస్తామని ప్రకటించారు కదా, అదెప్పటి నుంచి?

మాధవి లీడ్స్:
2025 ఏప్రిల్‌లో ప్రకటించారు. 2027లో విడుదలయ్యే సినిమాల నుంచి, అంటే 2028లో జరిగే నూరవ ఆస్కార్ వేడుకలో మొదటిసారి ఇస్తారు. ఆ ప్రకటనతో పాటు అకాడమీ పెట్టిన పోస్టర్‌లో ఆర్ఆర్ఆర్ బొమ్మ కూడా ఉంది, రాజమౌళి గారు సంతోషంగా పోస్ట్ చేశారు.

రీలు పెట్టె:
మన జాతీయ అవార్డుల్లో ముందే మొదలైంది. స్టంట్‌కి మొదటిసారి ఇచ్చింది మలయాళం సినిమా పులిమురుగన్‌కి, పీటర్ హెయిన్ మాస్టర్‌కి. ఆ మరుసటి ఏడాది బాహుబలి 2కి. తర్వాత 69వ అవార్డుల్లో ఆర్ఆర్ఆర్‌కి కింగ్ సోలొమన్ మాస్టర్‌కి వచ్చింది. ఆ విషయంలో ఢిల్లీ హాలీవుడ్ కంటే ముందుంది.

గోళీసోడా:
సరే, నాగు అన్నా, మీరు చెప్పండి. ఆ ఆస్కార్ "స్టంట్ డిజైన్"కి అంటున్నారు, అంటే కోఆర్డినేటర్‌కి వెళ్తుంది. పడినవాడికి ఏమొస్తుంది?

ఫైటర్ నాగు:
డిజైన్‌కి ఇవ్వడమే కరెక్ట్ అన్నా. పడినవాడికే ఇస్తే ప్రతివాడూ పోయిన ఏడాది కంటే ఎత్తు నుంచి దూకుతా అంటాడు, కుర్రాళ్ళు చచ్చిపోతారు. డిజైన్‌కి ఇస్తే బాగా ఆలోచించినవాడికి ఇచ్చినట్టు. కాకపోతే స్టేజి మీదకి మాస్టర్ వెళ్ళినప్పుడు పడినవాళ్ళ పేర్లు చదవాలి. సినిమా చివర పేర్లు పడేటప్పుడు కూడా "ఫైటర్స్" అని ఒక్క మాట వేసి వదిలేయకుండా ఎవరు ఎవరికి డూప్ చేశారో రాయాలి. ఇంగ్లీషు సినిమాల్లో రాస్తారు, నేను ఆగి చదువుతాను. మన సినిమాలో నా పేరు ఒక్కసారి పడింది, దాంట్లోనూ స్పెల్లింగ్ తప్పు, అయినా మా అమ్మ థియేటర్‌లో లేచి నిలబడి చూసింది.

విక్ గారి పుస్తకం ఒకటుందని విన్నాను, ఆయన జీవితం మీద. తెలుగులో ఎవరైనా అనువాదం చేస్తే మా యూనియన్ ఆఫీసులో పది కాపీలు నేనే కొని పెడతాను. ఇంగ్లీషు మా కుర్రాళ్ళకి కష్టం.

మాధవి లీడ్స్:
ఉంది నాగు గారూ, 2011లో వచ్చింది. ఇక్కడ పాత పుస్తకాల షాపులో దొరుకుతుంది, నేను తీసి ఉంచుతాను. అనువాద హక్కుల సంగతి పబ్లిషర్‌ని ఈ వారమే మెయిల్‌లో అడుగుతాను. అంతవరకూ ట్యాంకు సీను, ఫ్యాన్ డిసెండర్ గురించి ఆయన రాసిన భాగాల సారాంశం నా సొంత మాటల్లో ఇక్కడే పెడతాను, మీ కుర్రాళ్ళకి చదివి వినిపించండి.